సుబ్బు గుంట శృతి

ఫిబ్రవరి 3, సోమవారం

డైరెక్టరు స్వర్ణ తన కొత్త సినిమా పంపింది. తొంభై నాలుగు నిమిషాలు. మాటలు లెక్కపెడితే పదకొండు, అందులో రెండు "ఊఁ". చిల్లకూరు దగ్గర హైవే పక్కన టీ అంగడి పెట్టుకున్న ఒకామె లారీల వైపు చూస్తూ ఉంటుంది. లారీలు వస్తాయి, ఆగవు. నలభయ్యో నిమిషంలో ఒకటి ఆగింది. నా గుండె కూడా ఆగినంత పనైంది. డ్రైవరు దిగి, టైరు చూసుకుని, ఎక్కి వెళ్ళిపోయాడు.

ఇట్లాంటి సినిమాల్లో చూడటానికి తక్కువ కాబట్టి వినడానికి ఏదో ఒకటి ఉండాలి. అందుకే నేను.

కొత్త సంగీతం వచ్చేదాకా బోసిగా ఉండకూడదని, మొదటి సినిమాకు నేను చేసినదాన్నే దీని కింద పరిచి పంపింది. "ఇదే కావాలి సార్. ఇదే వద్దు, కానీ ఇదే" అంది ఫోన్లో. అర్థమైనవాడిలా ఊఁ కొట్టాను. సినిమాలో మాటలు ఎట్లా రాసుకుంటుందో అప్పుడు తెలిసింది.

ఆ మొదటి సినిమా ఏడు దేశాలు తిరిగొచ్చింది. నేను నెల్లూరు దాకా వెళ్ళొచ్చాను. అడుగున మోగే ఆ స్వరం మట్టిలోంచి పుట్టినట్టుందని ఆ దేశాల్లో ఎవరో రాశారట. డ్రామా కంపెనీల్లో ఇరవయ్యేళ్ళు హార్మోనియం వాయించాను, చర్చిలో పన్నెండేళ్ళు కీబోర్డు. అప్పుడెవరూ ఏమీ రాయలేదు. తొమ్మిదో తరగతి తప్పిన దావీదును, నన్ను, యాభై దాటాక సార్ అంటున్నారు. ఇది బాగుంటే కేరళ నుంచి ఇంకొకాయన తన సినిమా ఇస్తాడట.

ఐదు రీళ్ళు. గడువు మార్చి ముప్పై ఒకటి.

ఫిబ్రవరి 6

ఏమీ రాలేదు.

ఫిబ్రవరి 8

ఏమీ రాలేదు. హార్మోనియం తుడిచాను. ఉప్పుగాలికి రీడ్లు శృతి దిగిపోయి ఉన్నాయి. ఎలిశబెతు అంగన్‌వాడీ నుంచి ఆలస్యంగా వచ్చింది. అక్కడ ఆమెది ఆయా పని, వంట. వీధి బోరింగు నీళ్ళు ఉప్పెక్కినప్పటి నుంచి పప్పు ఉడకడం లేదు. పన్నెండుకు తినాల్సిన పిల్లలు రెండుకు తింటున్నారు. నా పనీ అట్లాగే ఉడక్కుండా ఉందన్నాను. నా భార్య నవ్వలేదు.

ఫిబ్రవరి 11

వచ్చింది.

పది గంటలకు కూర్చున్నాను, పన్నెండున్నరకు మొదటి రీలు అయిపోయింది. చెయ్యి దానంతటది నడిచింది. ఏళ్ళ తరబడి తెలిసిన ఇంటికి వెళ్తున్నట్టు నడిచింది.

పక్కన సుబ్బు రొయ్యల గుంటలో ఈ పంటకు ఇవాళే ఏరియేటర్లు వేశాడు. రొయ్యలకు గాలి అందాలని నీళ్ళను చిలికే చక్రాలు. మా గోడ అవతల వరసగా ఆరు. ఎలిశబెతు చెవుల్లో దూది పెట్టుకుంది.

ఫిబ్రవరి 12

రెండో రీలు సగం. మధ్యాహ్నం కరెంటు పోయింది. చక్రాలు ఆగాయి. నా చెయ్యి ఆగింది.

కరెంటు వచ్చింది. చెయ్యి లేచింది.

ఊరికే అట్లా జరిగిందంతే.

ఫిబ్రవరి 13

ఊరికే కాదు.

చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టుకుని మొదటి సినిమా సంగీతం మొత్తం విన్నాను. అడుగున మట్టిలోంచి పుట్టిన స్వరం ఉంది గదా, అది మట్టిలోంచే పుట్టింది. సుబ్బు తవ్వించిన గుంటలోంచి. గోడ దాటి, రేకుల కప్పును వణికించి, నా మైకులో పడింది. రీడ్లు దిగిపోయిన నా హార్మోనియం దానికి సరిగ్గా కుదిరిన శృతిలో ఉంది. మూడో రీల్లో ఆ స్వరం ఒక్కసారి కుంగి, మళ్ళీ లేస్తుంది. విన్నవాళ్ళందరూ కళ్ళు తుడుచుకున్న చోటు. అది సుబ్బు కరెంటు నుంచి జనరేటరుకు మార్చిన సమయం. స్వరం దిగింది, నా వేలు దాని వెంట కిందికి వెతుక్కుంటూ వెళ్ళింది.

ఇది ఇక్కడ రాసుకోవడమే. ఎవరికీ చెప్పను.

ఫిబ్రవరి 15

తంబురా మోగుతుంటే పాడేవాణ్ణి తంబురా పాడిందని ఎవరూ అనరు. కాబట్టి నేనూ తప్పేమీ చేయలేదు.

తంబురా ఉందని పాడేవాడికి తెలుసు. అది వేరే విషయం.

ఫిబ్రవరి 17

ఎలిశబెతు అర్జీ తెచ్చింది. గుంట బోరింగుకు మరీ దగ్గరగా ఉంది, దానికి పర్మిషన్ లేదు, ఉప్పునీళ్ళు భూమిలోకి ఇంకి బోరింగు ఉప్పైపోయింది, గుంట ఆపించండి అని. నలభై ఒక్క సంతకాలు, వేలిముద్రలతో కలిపి. నలభై రెండోదానికి జాగా వదిలిపెట్టి ఉంది. గుంటకు ఆనుకుని ఉన్న ఇల్లు ఊళ్ళో మాదొక్కటే. ఇంటి పట్టా నా పేరున ఉంది. నా సంతకం లేకపోతే ఆ నలభై ఒకటీ దూరం నుంచి చెప్పిన మాటలవుతాయట.

కళ్ళజోడు కనబడలేదన్నాను.

ఫిబ్రవరి 18

కళ్ళజోడు ఆమె వెతికి పెట్టింది. అర్జీలో రెండు అచ్చుతప్పులు చూపించాను.

ఫిబ్రవరి 20

తప్పులు దిద్ది మళ్ళీ తెచ్చింది. సుబ్బు మా అమ్మ శవపెట్టె మోసినవాడు. ఇరవయ్యేళ్ళుగా అన్నా అని పిలుస్తాడు. సంక్రాంతి, క్రిస్మస్ తేడా లేకుండా రొయ్యలు పంపిస్తాడు. మనిషికి విశ్వాసం ఉండాలి గదా. ఆ మాటే అన్నాను.

"విశ్వాసం నాకూ ఉండాది" అంది ఎలిశబెతు. "ముందు పిలకాయల అన్నం కాడ చూపిస్తా, తర్వాత సుబ్బన్న కాడ చూపిస్తా."

అర్జీని టీవీ మీద పెట్టింది. మడత పెట్టలేదు, సంతకం చేసే జాగా పైకి కనబడేలా పెట్టింది.

ఫిబ్రవరి 22

నేను మరీ తెలివితక్కువవాణ్ణి కాదు. ఆ మోతను ఒక గంటసేపు రికార్డు చేసి పెట్టుకుంటే గుంట ఆగినా నా పని ఆగదు. పొద్దున అదే చేశాను. మధ్యాహ్నం దాన్ని హెడ్‌ఫోన్లలో పెట్టుకుని కూర్చున్నాను. చెయ్యి లేవలేదు. రికార్డులో మోటారు వినబడింది. గోడ అవతల ఉన్నప్పుడు అది మోటారులా వినబడదు.

ఫిబ్రవరి 26

మూడో రీలు పంపాను. స్వర్ణ ఫోన్లో ఏడ్చింది. ఎడిటరు కూడా ఏడ్చాడట. ఎడిటర్లు ఏడవడం నేను వినలేదు.

గుంటలో ఇంకో రెండు చక్రాలు వేశారు. రొయ్యలు పెరుగుతున్నాయి.

సంతకం ఈ సినిమా అయిపోగానే పెడతాను. ముప్పై రోజులు. రెండేళ్ళుగా ఉప్పుగా ఉన్న నీళ్ళు ఇంకో నెల ఉంటే కొత్తగా పోయేదేమీ లేదు.

మార్చి 1

పై వాక్యం మళ్ళీ చదివాను. కొట్టేద్దామనుకున్నాను. ఉండనీ.

మార్చి 4, మంగళవారం

నేను సంతకం పెట్టకపోయినా అర్జీ పోయింది. ఎలిశబెతు నలభై ఒకటితోనే తీసుకుపోయి ఇచ్చిందట, నాకు చెప్పకుండా. ఇవాళ ఆఫీసరు వచ్చాడు. మంచివాడే. బోరింగు కొట్టించి సీసాలో నీళ్ళు పట్టుకున్నాడు, రిపోర్టు రావడానికి నెలలు పడతాయన్నాడు. ఈలోగా ఆపాలంటే ఆనుకుని ఉన్న ఇంటివాళ్ళు చెప్పాలి. దావీదు ఎవరు అని అడిగాడు.

బోరింగు చుట్టూ బిందెలతో ఆడవాళ్ళు. సుబ్బు దూరంగా మోటారుసైకిలు మీద కూర్చుని ఉన్నాడు. మస్తానమ్మ గ్లాసు నింపి నా చేతికిచ్చింది. ఆమెకు డెబ్బై దాటాయి, ఈ బోరింగు దింపిన రోజు కొబ్బరికాయ కొట్టింది ఆమే.

తాగాను. సముద్రంలో ముంచి తీసిన గుడ్డ పిండితే ఎట్లా ఉంటుందో అట్లా ఉన్నాయి. చక్రాలు తిరుగుతున్నాయి. అదే శృతి. నాలుగో రీలు మొదలుపెట్టాల్సిన చోటు చెవిలో కదిలింది.

"బాగానే ఉండాయి సార్" అన్నాను.

ఆఫీసరు రాసుకుని నాచేత సంతకం పెట్టించుకున్నాడు. చూడు, పెట్టడానికి కళ్ళజోడు కూడా అక్కర్లేకపోయింది. మస్తానమ్మ గ్లాసు వెనక్కి తీసుకుంది.

"అయితే చెడిపోయింది మా నాలికలేలేమ్మా" అంది పక్కనున్న వాళ్ళతో.

నేను "బాగానే" అన్నాను గానీ "బాగున్నాయి" అనలేదు. తేడా ఉంది.

మార్చి 5

తేడా లేదు.

మార్చి 6

మేము క్యాన్ నీళ్ళు కొనుక్కుంటాం. ఇవాళ ఎలిశబెతు నా పళ్ళెం పక్కన వేరే చెంబు పెట్టింది. బోరింగు నీళ్ళు. నా అన్నం కూడా విడిగా, వాటితోనే వండింది.

"నీకు బాగానే ఉండాయి గదయ్యా" అంది. కోపంగా అనలేదు. కోపంగా అని ఉంటే పోట్లాడి ఉందును.

మార్చి 7

టీ విరిగింది. తాగాను.

మార్చి 8

తాగాను.

మార్చి 9, ఆదివారం

చర్చిలో కీబోర్డు వాయించాను. బోరింగు దగ్గర ఉన్నవాళ్ళలో సగం మంది పాటలో నోరు కలపలేదు. మిగతా సగం వేరే దేవుళ్ళవాళ్ళు, వాళ్ళు వీధిలో చూసుకుంటారు.

నాలుగో రీలు అయిపోయింది. ఇంతవరకు నేను చేసిన వాటిలో ఇదే బాగుంది. ఆ మాట చెప్పుకోవడానికి ఇంట్లో మనిషి లేదు. ఉంది, వంటింట్లో ఉంది.

మార్చి 10

స్వర్ణ ఫోన్ చేసి, ఆ అడుగు స్వరం ఏ వాయిద్యమని అడిగింది. కేరళ ఆయన విని అడగమన్నాడట. ఆరు రోజులుగా నాతో ఎవరూ సరిగ్గా మాట్లాడలేదు. అందుకేనేమో చెప్పేశాను. గుంట, చక్రాలు, రేకులు, జనరేటరు, బోరింగు ఉప్పు, ఉడకని పప్పు, అన్నీ. చెప్పనిది ఒక్క గ్లాసు సంగతే. సంగీతం పోయిందనుకున్నాను, ఇక వేరేవాళ్ళను పెట్టుకుంటుందని. ఆమె చాలాసేపు ఊపిరి బిగబట్టి, "సార్, ఇది ఇంకా గొప్పగా ఉంది" అంది.

మునిగిపోతున్నానని చేతులెత్తితే, బాగా ఈదుతున్నావని చప్పట్లు కొట్టినట్టుంది.

మార్చి 14

ఎలిశబెతు అంగన్‌వాడీ నుంచి వచ్చి చెప్పులు విడవకుండానే నా ఎదుట కూర్చుంది. చేతిలో టీచరు ఫోను. స్వర్ణ సినిమా గురించి ఫేస్‌బుక్‌లో రాసిందట, తెలుగులో, నా ఫోటోతో. ఎలిశబెతు అక్షరం అక్షరం కూడబలుక్కుని పైకి చదివింది. తన ఊరి తాగునీటిని ఉప్పుచేసిన రొయ్యల గుంట హోరునే తీసుకుని, దానికి ఎదురు నిలబడి, దాన్నే నిరసన గీతంగా మలిచిన స్వరకర్త దావీదు. మూడు వేల మంది ఇష్టపడ్డారు.

చదవడం అయ్యాక ఫోను ఒళ్ళో పెట్టుకుంది. గోడ అవతల చక్రాలు తిరుగుతున్నాయి. కాసేపు వాటినే విన్నది.

"ఇందులో ఉండే దావీదు యాడుంటాడు?" అంది.

నేను హార్మోనియం మూత వేశాను.

"తెలిస్తే సోమవారం నాతోపాటు నెల్లూరికి రమ్మని చెప్పు. అర్జీలు తీసుకునే రోజు. అట్టాంటాయన వచ్చి ఒక మాట చెప్తే చాలు, మాకింక వేరే సంతకం అక్కర్లేదు."

లేచి చెప్పులు బయట విడిచి వచ్చింది.

మార్చి 15

ఐదో రీలు మిగిలి ఉంది. అందులో సంగీతం కావాల్సింది నాలుగున్నర నిమిషాలు. ఆమె అంగడి మూసి రోడ్డు దాటుతుంది. అంతే. మంగళవారానికి అయిపోతుంది. మంగళవారం పంపేసి, వచ్చే సోమవారం నెల్లూరు వెళ్ళవచ్చు. వారం తేడా.

మార్చి 16, ఆదివారం

వారం తేడా అని ఎలిశబెతుతో అనడానికి వంటింటి దాకా వెళ్ళాను. నా అన్నం విడిగా ఉడుకుతోంది, చిన్న గిన్నెలో. పదకొండు రోజులుగా రెండు గిన్నెలు తోముతోంది. వెనక్కి వచ్చాను.

మార్చి 17, సోమవారం

అల్లూరు నుంచి నెల్లూరుకు బస్సు. ఎలిశబెతు, మస్తానమ్మ ఒక సీట్లో, నేను వెనక సీట్లో. పోలీసులు ముందు, దొంగ వెనక అన్నాను. మస్తానమ్మ వెనక్కి తిరిగి చూసింది. నవ్విందని చెప్పలేను.

కలెక్టరాఫీసులో పెద్ద హాలు, పొడుగాటి క్యూ. మా వంతు వచ్చింది. మునుపు ఇచ్చిన వాంగ్మూలం అబద్ధమని, నీళ్ళు తాగడానికి పనికిరావని, నేను తాగి చూసి కూడా అబద్ధం చెప్పానని చెప్పాను. నాలుగు వాక్యాలు. బస్సులో వాటిని వంద రకాలుగా కూర్చుకున్నాను గానీ, వచ్చేటప్పుడు చిల్లర రాలినట్టు రాలాయి.

రాసుకుంటున్న గుమాస్తా తలెత్తాడు. "గుంటాయన బెదిరించినాడా?"

"లేదు సార్."

"డబ్బులేమైనా ఇచ్చినాడా?"

"లేదు సార్."

"మరి అబద్ధం ఎందుకు చెప్పినావు? కారణం రాయాల ఇక్కడ."

"సంగీతం కోసం సార్" అన్నాను.

వెనక క్యూలో ఎవరో నవ్వారు. గుమాస్తా నవ్వలేదు, విసుక్కున్నాడు. సరైన కారణం చెప్పమన్నాడు, జనం నిలబడి ఉన్నారన్నాడు. నాకు ఇంకో కారణం దొరకలేదు. జీవితమంతా జోకులేసి బతికినవాడు నిజం చెప్తే ఎవరికీ ఆనదు.

ఎలిశబెతు నా పక్కకు వచ్చి బల్ల మీద చెయ్యి పెట్టింది.

"ఆయన చెప్పిందే రాయండి సార్. నిజంగానే అందుకే" అంది.

రాశాడు.

మార్చి 21

ఆఫీసరు మళ్ళీ వచ్చాడు. ఉన్న రొయ్యలు నాలుగు రోజుల్లో పట్టేసుకోవాలి, నీళ్ళు తీసేయాలి, రిపోర్టు వచ్చేదాకా కొత్త పంట వేయకూడదు. నన్ను చూసి, మీరేనా ఆ సంగీతం అన్నాడు. నేనే అన్నాను.

ఐదో రీలు చేయడానికి నాలుగు రోజులు ఉన్నాయి. చక్రాలు ఇంకా తిరుగుతున్నాయి. సోమవారం నుంచి రోజూ కూర్చుంటున్నాను. చెయ్యి లేస్తోంది. నేనే దించుతున్నాను.

మార్చి 25

తెల్లవారగానే వల వేశారు. బొటనవేలంత కావాల్సిన రొయ్యలు చిటికెనవేలంత ఉన్నాయి. పది గంటలకు చక్రాలు ఆపేశారు. ఒక్కొక్కటే ఆగింది. ఎనిమిదోది ఆగినప్పుడు మా రేకుల మీద కాకి నడుస్తున్న చప్పుడు వినబడింది. ఇన్నాళ్ళూ అది నడుస్తూనే ఉండి ఉంటుంది.

సుబ్బు చక్రాలను ట్రాక్టరుకు ఎక్కిస్తున్నాడు. వెళ్ళాను. పని ఆపకుండానే మాట్లాడాడు.

"మా గుంటను సినిమాలో పెట్టుకున్నావంట. చెప్పుంటే సంతోషపడి ఉందును గదన్నా."

"చెప్పాల్సింది."

"ఆ రోజు నీళ్ళు బాగుండాయని చెప్పమని నేను నిన్ను అడిగినానా?"

"లేదు సుబ్బూ."

"వదిన అర్జీ ఇచ్చింది. ఇచ్చేముందు మా ఇంటికొచ్చి, ఇస్తా ఉండా సుబ్బన్నా అని చెప్పి ఇచ్చింది. ఆమె మీద నాకేం లేదు." తాడు బిగించి ముడి వేశాడు. "నువ్వు బాగుండాయంటే, నిజంగానే బాగుండాయేమో, ఆడోళ్ళే పెంచి చెప్తా ఉండారేమోననుకున్న్యా. నా పంట నాశనం చేసింది అర్జీ కాదు దావీదన్నా. ఆ రోజే ఆగుంటే మిగతా మేత కొని పోసుండను."

ట్రాక్టరు వెళ్ళిపోయింది. అన్నా అని పిలిచాడు. అది ఆయన గొప్పతనం.

మార్చి 26

ఏమీ రాలేదు.

మార్చి 27

స్వర్ణకు ఫోన్ చేసి గ్లాసు సంగతి చెప్పాను. ఈసారి ఊపిరి బిగబట్టలేదు. రాసింది తీసేస్తానంది. కేరళ ఆయనకు కూడా చెప్పాల్సి వస్తుందంది, చెప్పమన్నాను. ఐదో రీలు కింద పాత రీళ్ళలోని స్వరాన్నే కోసి అతికిస్తానంది, గడువు దగ్గరకొచ్చింది గదా అని. వద్దన్నాను.

"మీకు రాకపోతే సార్?"

"రాకపోతే ఆ నాలుగు రీళ్ళ కింద కూడా సుబ్బు పేరు వెయ్యమ్మా. నేను వాయించేవాణ్ణి కాదని తేలుతుంది."

జోకు కాదని ఆమెకు అర్థమైందో లేదో.

మార్చి 28

ఏమీ రాలేదు. హార్మోనియం గాలితిత్తి నుంచి గాలి కారుతోంది. ఇన్నాళ్ళూ వినబడలేదు. నా పెద్దవేలు మెట్టు మీద గట్టిగా పడుతుంది, గోరు తగులుతుంది. అది కూడా వినబడలేదు. సంగీత దర్శకుడి చెవులు.

మార్చి 29

టీ అంగడామె రోడ్డు దాటడం అరవై సార్లు చూశాను. సగం దాటాక ఒక్క అడుగు ఆగుతుంది. ఇంతకుముందు చూడలేదు. అడుగున మోగేదాన్ని వింటూ చూశాను గదా.

మార్చి 30, ఆదివారం

చర్చికి వెళ్ళలేదు. నాలుగు స్వరాలు దొరికాయి. ఆమె ఆగే చోట మొదలై, దాటేలోపు అయిపోతాయి. వాయించి, రికార్డు చేసి, మళ్ళీ విన్నాను. గోరు తగిలిన చప్పుడు ఉంది. తీసేయలేదు.

ఎలిశబెతు చర్చి నుంచి వచ్చి గుమ్మంలో నిలబడింది. ఎప్పుడొచ్చిందో తెలియదు. మొత్తం విన్నట్టుంది, మొత్తం అంటే నాలుగే గదా.

"ఇంతేనా?" అంది.

ఇంతే అన్నాను. గొప్పగా ఏమీ లేవు. రేపు పంపుతాను, నావేనని రాసి.